మొరటు టార్టుకు మూలమట్టం

ఆదివారం పొద్దున్న ఏడింటికే టైపిస్టు ఆరు యాపిల్ పళ్లు కడిగి, తుడిచి, వంటింటి గట్టు మీద వరసగా పెట్టింది. సాయంత్రం నాలుగింటికి వదినగారు వస్తోంది. ఈలోగా ఒక యాపిల్ టార్ట్ చేయాలి, ఆవిడ ముందు పెట్టాలి, "నువ్వే చేశావమ్మా" అని ఆవిడ నోటితోనే అనిపించాలి. ఎనిమిది నెలలుగా కుతకుతలాడుతున్న కోపానికి అంతకన్నా చిన్న మందు పనిచేయదు.

ఎనిమిది నెలల కిందట అత్తగారి పుట్టినరోజుకు ఆమె సెలవు పెట్టి మరీ కేకు చేసింది. రెండుసార్లు మాడి మూడోసారి కుదిరింది. వదినగారు, అంటే మొగుడి అక్క, ఒక బడికి హెడ్మిస్ట్రెస్. కేకు పళ్లేన్ని అటూ ఇటూ తిప్పి, కళ్లజోడు సర్దుకుని, "బాగుంది. ఏ బేకరీలో తెచ్చారు?" అంది. "నేనే చేశాను వదినా" అంటే, "ముప్పై ఏళ్లుగా పిల్లల కాపీ పేపర్లు పట్టుకుంటున్నాను. చూడగానే తెలిసిపోతుంది నాకు" అని నవ్వింది. ఆ నవ్వుకి ఎవరికి మాత్రం ఒళ్లు మండదు? పోనీ అక్కడితో వదిలిందా అంటే అదీ లేదు. పిన్నికి చెప్పింది, పెద్దమ్మకు చెప్పింది, చివరికి ఇస్త్రీ బట్టలు తెచ్చేవాడికి కూడా చెప్పింది.

రెండు మాడిన కేకులూ కిక్కురుమనకుండా తిన్న మొగుడు ఆ రోజు పక్కనే ఉన్నాడు. ఒక్క మాట అనలేదు. అతను టైల్స్ మేస్త్రీ. గోడ మీద గీత వెంట్రుకవాసి పక్కకు పోతే ఇంటి యజమానితోనైనా పోట్లాటకు దిగుతాడు గానీ, అక్క ఎదుట నోట్లో నాలుక ఉండదు.

టైపిస్టు పనిచేసేది కోర్టులో. నోటి మాట కన్నా ఆధారం గట్టిదని పదిహేనేళ్లుగా టైపు కొట్టి కొట్టి తెలుసుకుంది. అందుకే ఈసారి కేకు జోలికి పోకుండా మొరటు టార్ట్ ఎంచుకుంది. దానికి అచ్చు అక్కర్లేదు. పిండిని ఒత్తి, మధ్యలో యాపిల్ ముక్కలు పోసి, అంచులు చేత్తో లోపలికి మడిచేయడమే. ఎంత వంకరగా ఉంటే అంత అందమని ఫోన్‌లో వంటల వీడియో ఆవిడ చెప్పింది. వంకర సరుకుని గాజు బీరువాలో పెట్టి ఏ బేకరీవాడు అమ్ముతాడు? ఆ వంకరే ఆమె సాక్ష్యం. అది చాలదన్నట్టు యాపిల్ తొక్కలు ఒక గిన్నెలో దాచింది, పిండి అంటిన పాత్రలు కడగకుండా ఉంచింది, కళ్లారా చూసి చెప్పడానికి పక్కింటి నర్సుని రెండింటికి రమ్మంది.

మేస్త్రీకి ఇవేవీ తెలియవు. ఎలా తెలుస్తాయి? ఆమె అతనితో మాట్లాడితే కదా.

"కాఫీ ఉందా?" అని అతను వంటింట్లోకి తొంగి చూశాడు.

"అత్తయ్యా, కాఫీ ఫ్లాస్కులో ఉందని మీ అబ్బాయికి చెప్పండి."

"వాడు వింటూనే ఉన్నాడు కదమ్మా."

"వినడం ఆయనకు బాగా వచ్చు అత్తయ్యా. మాట్లాడటమే రాదు."

మేస్త్రీ చెవి మీది పెన్సిల్ తీసి కొరుక్కుంటూ వెనక్కి తగ్గాడు. ఏదైనా ఇబ్బంది వస్తే పెన్సిల్ కొరకడం అతనికి చిన్నప్పటి నుంచీ అలవాటు. వంటింట్లో గిన్నెలు దబదబ పడుతూనే ఉన్నాయి.

రెండయింది. నర్సు రాలేదు. రెండుంపావు అయినా రాలేదు. పిండి మెత్తబడిపోతోంది. "నమ్ముకున్న సాక్షులంతా ఇంతే" అని పళ్లు పటపట కొరుకుతూ టైపిస్టు తనే పని కానిచ్చేసింది. పిండిని తోచినట్టు ఒత్తి, దాల్చినచెక్క పొడి కలిపిన యాపిల్ ముక్కలు మధ్యలో కుమ్మరించి, అంచుల్ని కసికొద్దీ మడిచింది. ఒక పక్క ఎత్తు, ఒక పక్క పల్లం, ఒక చోట చిరుగు. చూసుకుని తృప్తిగా తల ఊపి, పళ్లేన్ని ఫ్రిజ్‌లో పెట్టింది.

"అత్తయ్యా, ఓవెన్ వేడెక్కుతోంది. మూడు కొట్టగానే ఈ పళ్లెం లోపల పెట్టండి. నేను స్నానం చేసొస్తాను."

అత్తగారు మంచినీళ్ల సీసా కోసం ఫ్రిజ్ తెరిచింది. పళ్లెం చూసి కొడుకుని కేకేసింది.

"ఒరేయ్, ఒకసారి ఇలా రా. నీ పెళ్లాం పొద్దున్నుంచి గిన్నెలెందుకు విసురుతోందో ఇప్పుడర్థమైంది."

మేస్త్రీ వచ్చి చూశాడు. "పాపం, కుదరలేదే."

"నాలుగింటికి మీ అక్క వస్తుంది. కేకు బాగా వస్తేనే అన్ని మాటలంది. దీన్ని చూస్తే ఊరుకుంటుందా?"

మేస్త్రీకి ఆ పుట్టినరోజు గుర్తొచ్చింది. తను దించుకున్న తల గుర్తొచ్చింది. ఎనిమిది నెలలుగా అమ్మ ద్వారా అందుతున్న కాఫీ గుర్తొచ్చింది. మాట సాయం ఎలాగూ చేయలేకపోయాడు, చేతి సాయమైనా చేద్దామనుకున్నాడు. మోచేతుల దాకా సబ్బుతో కడుక్కుని, పనిసంచిలోంచి మూలలు సరిచూసే మూలమట్టం, వాలు చూసే రసమట్టం తీసి, వాటినీ సబ్బుతో కడిగాడు.

ముందు గట్టు మీద రసమట్టం పెట్టి చూశాడు. గట్టు ఎడమకి వాలి ఉంది. పళ్లెం కింద అట్టముక్క పెట్టి సరిచేశాడు. మడతలు విప్పి, బటర్ పేపర్ మీద పెన్సిల్‌తో గీతలు గీసి, పిండిని నలుచదరంగా కోశాడు. అందరూ ఆదివారం నిద్రపోయే వేళకి అతను యాపిల్ ముక్కల్ని ఒకే మందాన చెక్కి, వరస తప్పకుండా, సందు తేడా రాకుండా పరుస్తూ ఉన్నాడు. చివరి వరసకి ముక్క పెద్దదైతే మూల కోసి మరీ ఇరికించాడు. జీవితంలో ఇంత చిన్న గచ్చు అతనెప్పుడూ వేయలేదు.

డ్యూటీ ఆలస్యమై పరుగున వచ్చిన నర్సు వంటింటి గుమ్మంలో ఆగిపోయింది.

"అక్క ఏదండీ?"

"స్నానం చేస్తోంది."

"ఇదంతా మీరే చేస్తున్నారా మేస్త్రీగారూ?"

ఊపిరి బిగబట్టి ముక్క పెడుతున్న మేస్త్రీ ఊఁ కొట్టాడు. నర్సు ఆశ్చర్యంగా కాసేపు నిలబడి చూసి, అడుగుల చప్పుడు కాకుండా వెళ్లిపోయింది.

మూడింటికి పళ్లెం ఓవెన్‌లోకి వెళ్లింది. పనయ్యాక చోటు శుభ్రం చేయకపోతే మేస్త్రీకి అన్నం సహించదు. పాత్రలు తోమాడు, గట్టు తుడిచాడు, తొక్కలు చెత్తలో పారేశాడు.

టైపిస్టు తల తుడుచుకుంటూ వచ్చి అద్దంలా మెరుస్తున్న వంటింటిని చూసింది.

"అత్తయ్యా, నా తొక్కలేవి?"

"తొక్కలెందుకమ్మా?"

"నా గిన్నెలేవి? ఎవరు కడగమన్నారు వాటిని?"

ఇంటిపని చేసిపెట్టినందుకు ఏ కోడలైనా ఇలా విరుచుకుపడుతుందా అని అత్తగారు బిక్కమొహం వేసింది. ఓవెన్‌లో బల్బు ఎప్పుడో పోయింది కాబట్టి లోపల ఏముందో టైపిస్టుకు కనిపించలేదు. వంకర ఉంది కదా, అది చాల్లే అని తనకు తనే ధైర్యం చెప్పుకుంది. ముందు గదిలో మేస్త్రీ సోఫా కింద వెతుకుతున్నాడు.

"అమ్మా, నా పెన్సిల్ చూశావా?"

వదినగారు పది నిమిషాలు ముందే దిగింది. కాపీ పట్టుకునేవాళ్లు చెప్పిన టైముకు రారు. ఆవిడ ముందు గదిలో కూర్చుని విసురుకుంటుండగా, టైపిస్టు వంటింట్లో ఓవెన్ తెరిచి పళ్లెం బయటికి లాగింది. లాగి, అలాగే నిలబడిపోయింది.

గుండ్రంగా వెళ్లింది నలుచదరంగా వచ్చింది. వంకర లేదు, చిరుగు లేదు. బంగారు రంగు యాపిల్ ముక్కలు కొత్త బాత్రూమ్ గోడలా వరసలు కట్టి ఉన్నాయి.

"ఎవరు చేశారిది?" ఎనిమిది నెలల తర్వాత ఆమె మొగుడితో సూటిగా అన్న మొదటి మాట ఇదే.

"నేనే, కాస్త సరిచేశాను" అన్నాడు మేస్త్రీ సిగ్గుపడుతూ. "పన్నెండు అంగుళాలకి పన్నెండు. మూలలు చూడు, ఎక్కడా తేడా లేదు."

"సరిచేశారా? నా కొంప ముంచారు కదండీ."

చేతికందిన గరిటె తీసుకుని ఒక అంచైనా విరగ్గొడదామని ఎత్తింది. మేస్త్రీ రెండు చేతులూ అడ్డం పెట్టాడు. "వద్దు, వద్దు, వేడి మీద కదిపితే సెట్టింగ్ పోతుంది." ఆ పెనుగులాట మధ్యలో గుమ్మం దగ్గర కళ్లజోడు సర్దుకున్న చప్పుడైంది.

"బాగుంది" అంది వదినగారు. "ఏ బేకరీ?"

టైపిస్టు ముఖం జేవురించింది. సరిగ్గా అప్పుడే నర్సు లోపలికొచ్చింది. "సారీ అక్కా, ఇందాక ఆలస్యంగా వచ్చాను. నువ్వు స్నానానికి వెళ్లావు."

"వచ్చావా? వచ్చి చూశావా?"

"చూశానక్కా. కళ్లారా చూశాను."

సమాధానం తెలియకుండా సాక్షిని ప్రశ్న అడగకూడదని టైపిస్టు ఎన్నో కేసులు టైపు కొట్టి నేర్చుకుంది. కోపంలో అది కాస్తా మర్చిపోయింది. "అయితే చెప్పు. మా వదినకు వినిపించేలా చెప్పు. ఇది బేకరీలో కొన్నదా, ఇంట్లో చేసిందా?"

"ఇంట్లో చేసిందేనండీ" అంది నర్సు గట్టిగా. "మేస్త్రీగారు చేశారు. ఎంత ఓపికగా చేశారో."

వదినగారు నమ్మలేదు. కత్తి తీసుకుని టార్ట్‌ని మధ్యకు కోసింది. కత్తి టక్కున ఆగింది. ఆవిడ ముక్క విడదీసి, యాపిల్ కింద నుంచి వేలెడు చెక్కముక్క బయటికి లాగి, కాగితంతో తుడిచి, కళ్లకు దగ్గరగా పెట్టుకుంది. దాని మీద పంటిగాట్లు ఉన్నాయి.

"ఇది మా తమ్ముడి పెన్సిల్" అంది. "ఒకటో క్లాసు నుంచీ ఇలాగే కొరుకుతాడు. ఒరేయ్, నువ్వు చేశావురా ఇది?"

"అక్కా, అది కాదు..."

"నన్ను చెప్పనీ. ఆ రోజు కేకు కూడా నువ్వే చేసుంటావు. నేను తెలియక బేకరీ అన్నాను, ఊరంతా అన్నాను. నీ కష్టాన్ని చులకన చేశాను. నాదే తప్పు. క్షమించరా."

ఎనిమిది నెలలు టైపిస్టు ఎదురుచూసిన మాటలు అవే. ఒక్కటీ తక్కువ కాలేదు. కానీ అవి ఆమె పక్కనుంచి వెళ్లి మొగుడికి తగిలాయి.

మేస్త్రీ మాత్రం ఈసారి తల దించుకోలేదు. "అక్కా, నువ్వు పొరబడుతున్నావు. పిండి తనదే, పళ్లూ తనవే. నేను అంచులు కోశానంతే. ఆ కేకు తనే చేసింది, మాడినవి నేనే తిన్నాను. ఆ రోజే చెప్పాల్సింది, నీకు భయపడి ఊరుకున్నాను."

వదినగారు కళ్లు తుడుచుకుంది. "చూశావామ్మా, నిన్నెలా వెనకేసుకొస్తున్నాడో. ఇలాంటి మొగుడు దొరకడం నీ అదృష్టం."

టైపిస్టు మొగుడి వైపు చూసింది. చెమట్లు పట్టి, చెవి మీద లేని పెన్సిల్ కోసం తడుముకుంటున్నాడు. వదిన మీద కోపం అలాగే ఉంది గానీ, ఇతని మీద మాత్రం ఉంచుకుందామన్నా నిలవడం లేదు.

"వచ్చే నెల నా రిటైర్మెంట్. స్టాఫ్ నలభై మంది" అంది వదినగారు చెప్పులు వేసుకుంటూ. "అందరికీ నీ చేతి టార్టే పెడతానురా. కాదనకు."

ఆవిడ ఆటో మలుపు తిరిగాక మేస్త్రీ వంటింట్లోకి వచ్చాడు. "నలభై మందికి ఎలా చేసేది? నువ్వే ఏదో ఒక దారి చూపించు."

టైపిస్టు కాఫీ గ్లాసు తనే అతని చేతికిచ్చింది.

"దానికంత ఆలోచన దేనికండీ? బేకరీలో కొనుక్కురండి."

నెల తిరిగాక నలభై మందీ తిన్నారు. ఇంట్లో చేసిందైతే చూడగానే తనకు తెలిసిపోతుందని వదినగారు బల్ల బల్లకీ వెళ్లి చెప్పింది.