టోకెనక్క కోడిపెట్ట

ఆ రోజు పొద్దున టోకెనక్క వేసుకున్న పథకం చాలా చిన్నది. డాక్టరుగారు లోపల పనిలో పడగానే కోడిపెట్టను రోడ్డు దాటించెయ్యాలి, అంతే.

పళ్ళ ఆసుపత్రిలో టోకెన్లిచ్చే ఉద్యోగం ఆవిడది. ఫోన్‌లో కోడిపెట్ట ఆటంటే ప్రాణం. రోజుకో రోడ్డు దాటించకపోతే పెట్ట నెత్తిన కిరీటం ఊడిపోతుంది. డాక్టరుగారేమో, "చేతిలో ఫోన్ మళ్ళీ కనబడిందో, ఉద్యోగం పీకేస్తా!" అన్నారు. పీకడం విషయంలో ఆయన మాట తప్పే మనిషి కాదు.

తమ్ముడు ఉపాయం చెప్పాడు. "ఎమ్యులేటర్ అని ఉందక్కా. ఫోన్ ఆటలు కంప్యూటర్‌లోనే ఆడుకోవచ్చు. చాలా తేలికది, మీ ముసలి కంప్యూటర్ కూడా మొయ్యగలదు."

మోసింది. తెర మీద పెట్ట కనబడగానే టోకెనక్క మొహం చేటంత అయింది. తన వెనక గోడకి టోకెన్ నంబర్లు చూపించే పెద్ద టీవీ ఉందనీ, కంప్యూటర్‌లో ఏముంటే అందులోనూ అదే కనబడుతుందనీ ఆ మహాతల్లికి గుర్తే రాలేదు.

"ఎడమకి, ఎడమకి!" అన్నారు ఎదుటి బెంచీ మీది తాతగారు.

"ఎడమవైపు పన్నాండీ? రాసుకుంటా," అంది తలెత్తకుండానే.

"అయ్యో, లారీ!" అని కేకేసింది బుగ్గ వాచినావిడ. టోకెనక్క కంగారుగా వీధిలోకి చూసింది. అక్కడ లారీ లేదు. ఇటు తిరిగేసరికి ఇక్కడ పెట్ట లేదు. గదంతా "అయ్యయ్యో!" అని మూలిగింది. పాపం, అందరికీ ఒక్కసారే సలిపినట్టుందనుకుని, మిగిలిన ఒక్క ప్రాణంతో పెట్టను మళ్ళీ రోడ్డెక్కించింది.

ఆ మూలుగు లోపల కుర్చీలో నోరు తెరుచుకుని పడుకున్నాయన చెవిన పడింది. బయటివాళ్ళకే ఇంత నొప్పయితే తన గతేంటని, మెడలో తువ్వాలుతో సహా పరుగెత్తుకొచ్చాడు. టీవీ చూసి, బెంచీ చివర సర్దుకుని కూర్చున్నాడు.

లోపల గంట మోగింది. "రెండో నంబరు!" అని పిలిచింది టోకెనక్క.

"ఉండమ్మా, ముందు నువ్వు దాన్ని దాటించు," అన్నాడు రెండో నంబరాయన.

అప్పుడు తిరిగి చూసింది. గోడంత పెట్ట! తలుపు దగ్గర, చేతిలో పట్టకారుతో డాక్టరుగారు.

"చేతిలో ఫోన్ లేదు సార్!" అంటూ రెండు చేతులూ పైకెత్తేసింది.

డాక్టరుగారి చూపు టీవీ మీద పడింది. "చేతులు దించమ్మాయ్, లారీ వచ్చేస్తోంది!" అని అరిచారు.

పెట్ట దాటింది. గది చప్పట్లతో మారుమోగింది. డాక్టరుగారు తలలు లెక్కపెట్టారు. రోజూ డ్రిల్లు చప్పుడు వినగానే సగంమంది మెల్లగా జారుకునేవాళ్ళు. ఇవాళ పన్నెండుమందికి పన్నెండుమందీ ఉన్నారు.

"రేపట్నుంచి తొమ్మిదింటికి మొదలుపెట్టి నేను వెళ్ళేదాకా ఆడాలి. మధ్యలో ఆపావో, ఉద్యోగం పీకేస్తా!"

నెల తిరక్కుండానే టోకెనక్కకి ఆ పెట్టను చూస్తే ఒళ్ళు మండడం మొదలైంది. ఇప్పుడు డాక్టరుగారు అటు లోపలికెళ్ళగానే, ఒళ్ళో రిజిస్టరు దాచుకుని దొంగచాటుగా టోకెన్లు రాసుకుంటోంది.