షర్టుల కౌంటరులో నీడ

కాదు మనవరాలా, సినిమాలో ముఖం కనపడకూడదన్నది మీ మేనత్తే. షర్టుల కౌంటరతను అడగలేదు. తంటా అంతా అక్కడే మొదలైంది.

పత్రికలో విలేకరి ఉద్యోగం మానేసినప్పటి నుంచి, అన్యాయం ఉన్న చోటల్లా మీ మేనత్త కెమెరా పట్టుకుని తిరుగుతోంది కదా. బట్టల షాపుల్లో పనివాళ్లకు పొద్దస్తమానం నిలబడటమే తప్ప కూర్చోవడానికి ఒక స్టూలైనా ఇవ్వరని ఈసారి డాక్యుమెంటరీ తలపెట్టింది. నోరు విప్పడానికి ఒప్పుకున్నవాడు షర్టుల కౌంటరతను ఒక్కడే. అతని ఉద్యోగం పోకూడదు. అందుకని పొద్దున్నే మన ముందుగదిలో కిటికీ దగ్గర కుర్చీ వేసింది. వెలుగంతా వెనక పడితే మనిషి నల్లటి నీడలా కనిపిస్తాడు.

అతను జుట్టుకు రంగు వేసుకుని, కొత్త షర్టు ఇస్త్రీ చేయించుకుని మరీ వచ్చాడు. కుర్చీని కొంచెం కొంచెంగా వెలుతురులోకి జరుపుకోవడం అతని పని, వెనక్కి నెట్టడం ఈమె పని.

"ఇంత చీకట్లో మా ఆవిడ గుర్తుపట్టదు మేడం."

"మీ ఆవిడ గుర్తుపడితే మీ ఓనరూ గుర్తుపడతాడు. కదలకండి."

చివరికి నీడే మిగిలింది. గొంతు కూడా మార్చేసరికి, డ్రమ్ములో కూర్చుని మాట్లాడినట్టు వచ్చింది.

సినిమా అందరి ఫోన్లలోకీ ఎక్కింది. ఆ నీడ ఎవరని ఓనరు నిలదీస్తే షాపులో ఒక్కడూ నోరు మెదపలేదు. ఇళ్లల్లో కథ వేరు. ప్యాంట్ల కౌంటరతను అది నేనేనని భార్యతో అన్నాడు. క్యాషియరు అత్తగారి దగ్గర చెప్పుకున్నాడు. వాచ్‌మన్ అయితే వియ్యంకుడికి ఫోన్ చేసి మరీ చెప్పాడు. ఎవరితోనూ అనొద్దని అందరూ ఒట్లు వేయించుకున్నారు కాబట్టి, సంగతి ఊరంతా పాకింది.

అసలు మనిషి చెబితే మాత్రం భార్య పకపకా నవ్వింది.

"అది ప్యాంట్ల కౌంటరాయనట కదా. వాళ్లావిడే చెప్పింది. మీకంత ధైర్యం ఎక్కడిదిలెండి."

ఆ మాట అతనికి ఎక్కడో తగిలింది. ఉద్యోగం పోయినా సరే, ఓనరు ముందే ఒప్పేసుకుంటానని మీ మేనత్తకు ఫోన్ చేశాడు. ఆమె వెంటనే కాలికి దొరికిన చెప్పులు వేసుకుని షాపుకు పరిగెత్తింది. తలుపు దగ్గర నిలబడి వద్దు వద్దని రెండు చేతులూ జోడిస్తుండగానే అతను అనేశాడు.

"ఆ నీడ నేనేనండి."

నీడ నేనేనన్నవాళ్ల పేర్లన్నీ చెవిన పడి ఓనరు అప్పటికే తల పట్టుకుని ఉన్నాడు. ఆ నీడ మేనేజరుగా ఉన్న తన తమ్ముడేనని, ఇంటిల్లిపాదీ పొంగిపోతున్నామని ఓనరు భార్య అప్పుడే ఫోన్ చేసి చెప్పింది మరి.

"నువ్వు కూడానా? పోయి వాళ్లందరి వెనకాల నిలబడు."

బావమరిదిని తీసేస్తే ఇంట్లో అన్నం పుట్టదు. అందరినీ తీసేస్తే షట్టరు ఎత్తే దిక్కుండదు. సాయంత్రానికల్లా కౌంటరుకో స్టూలు దిగింది. ఇప్పుడందరూ హాయిగా కూర్చుంటున్నారు. షర్టుల కౌంటరతను ఒక్కడే అలిగి నిలబడే ఉన్నాడు.

నువ్వు రాసుకున్న ఇదంతా పట్టుకెళ్లి వాళ్లావిడకు చదివి వినిపించు తల్లీ. ఆవిడ నమ్మితేగాని ఆ మనిషి కూర్చునేలా లేడు.