కుడిచేతికి మూడూళ్ల సన్మానం

నాకు అన్నిటికంటే ఎక్కువ భయం, మా పక్కింటి గౌసియక్క కుడిచెయ్యి పనికిరాకుండా పోతుందేమోనని. దెబ్బల వల్ల కాదు, జబ్బు వల్లా కాదు. గౌరవం వల్ల.

గౌసియక్క పుట్టింది రేపల్లెలో, చదివింది బాపట్లలో, ఉండేది తెనాలిలో. జపాన్‌లో జీతం తీసుకుని బేస్‌బాల్ ఆడుతుంది. బంతి విసరడమే ఉద్యోగం. మూడేళ్లు విసిరి సెలవులకు ఇంటికొచ్చింది. వచ్చే నెల జట్టువాళ్లు ఆమె విసురును మళ్లీ పరీక్షిస్తారు. బాగుంటే నాలుగో ఏడు ఆడుతుంది, లేకపోతే ఆట అక్కడితో సరి. అందుకని రోజూ పొద్దున్నే సాధన చెయ్యాలి. ఎదురుగా నిలబడి బంతి పట్టేందుకు తెనాలి పట్టణంలో అర్హులెవరూ దొరకనందున, ఎనిమిదో తరగతిలో బడి మానేసి, నా పిల్లని చంకనేసుకు తిరిగే నన్ను నియమించారు. పిల్లని హమీదా పిన్నికి, అంటే అక్క వాళ్లమ్మకి, అప్పగించి వెళ్లేదాన్ని.

"భువనా, కళ్లు మూసుకుని పట్టకే తల్లీ!" అనేది అక్క.

"తెరిస్తే బంతి కనపడుతోందక్కా!" అనేదాన్ని.

ఇలా సజావుగా సాగుతుండగా అక్క గొప్పదనం ఊరికి తెలిసిపోయింది. సన్మాన సంఘం ఏర్పడింది. మేము సాధన చేసే మైదానంలోనే పందిరి వేశారు కనుక సాధన ఆగింది. సంఘాధ్యక్షులు వెంకటరత్నంగారు గంటంపావు ప్రసంగించి, "ఇది తెనాలి నీళ్లు తాగి బలపడ్డ చెయ్యి!" అని నిర్ధారించారు. పిమ్మట ఆరు కిలోల కంచు జ్ఞాపిక ముందుకు తెచ్చారు.

"ఎడమచేత్తో తీసుకుంటానండి. కుడి భుజం కాస్త లాగుతోంది," అంది అక్క.



"ఎడమచేత్తోనా? ఇది ఊరమ్మా! ఊరిని ఎడమచేత్తో పుచ్చుకుంటారా ఎవరన్నా?" అన్నారు వెంకటరత్నంగారు.

పైగా ఎడమచేతికి పూలగుత్తి ముందే కేటాయించారు. ముఖ్య అతిథి రాక ఆలస్యమైనందున, ఫోటో నిమిత్తం జ్ఞాపికను కుడిచేత్తో పైకెత్తి ఇరవై నిమిషాలు ఉంచడమైనది.

వారం తిరక్కుండా బాపట్ల మేల్కొంది. "నీళ్లు ఎక్కడైనా తాగొచ్చు. ఓనమాలు దిద్దింది మా దగ్గర. ఏ చేత్తో? ఆ చేత్తోనే!" అన్నారు అక్కడి వక్త. తొమ్మిది కిలోలు.

రైలు మార్గంలో చివరి స్టేషన్ అయినంత మాత్రాన గౌరవించడంలో రేపల్లె వెనకబడుతుందా? రైసుమిల్లు యజమాని పూర్ణచంద్రరావుగారు, "పుట్టిందే మా ఆస్పత్రిలో! అసలు ఆ చెయ్యి మొదలైందే ఇక్కడ!" అని తేల్చేశారు. జ్ఞాపికను మిల్లు కాటా మీద తూయించి, పధ్నాలుగు కిలోలని మైకులో ప్రకటించారు.

"బాబ్బాబూ, వడ్లబస్తా ఇచ్చినా వండుకు తినేవాళ్లం. మా పిల్ల చెయ్యి మాకు వదిలెయ్యండయ్యా!" అని హమీదా పిన్ని ముందు వరసలోంచి ఏడ్చింది.

మర్నాడు పేపర్లో 'మాతృమూర్తి ఆనందబాష్పాలు' అని పడింది.

తిరుగు రైల్లో అక్క జడ వేసుకోలేకపోయింది. నేనే వేశాను.

పదిహేను రోజులు చెయ్యి కదపొద్దన్నారు డాక్టరుగారు. అక్క ఎవరో తెలిశాక, కట్టు కట్టిన చేతికే కరచాలనం చేసి ఫోటో తీయించుకున్నారు. పరీక్షకి పద్దెనిమిది రోజులుంది. మిగిలే మూడు రోజులు చాలంటుంది అక్క. ఇంతలో, ఎన్నడూ ఒక మాట మీదికి రాని మూడూళ్లూ ఏకమై సంయుక్త పరామర్శ సభ తలపెట్టినట్టు తెలిసింది. ఈసారి జ్ఞాపిక బరువు గోప్యంగా ఉంచారు.

నేనేమో పిల్లకి జ్వరమొచ్చి బాపట్లలో మా అమ్మ దగ్గర ఉండిపోయాను. ఫోన్ చేస్తే "బాగానే ఉందిలేవే" అంటుంది అక్క. పధ్నాలుగు కిలోలు మోస్తున్నప్పుడు కూడా ఆ మాటే అంది. కాబట్టి అయ్యలారా, అమ్మలారా, మీలో ఎవరైనా తెనాలిలో దిగితే ఒక్కసారి వెళ్లి, అక్క చెయ్యి భుజం దాటి పైకి లేస్తోందో లేదో చూసి నాకు చెప్పండి. ఖాళీ చేతులతోనే వెళ్లండి. లేస్తే సంతోషం. కానీ దయచేసి చప్పట్లు మాత్రం కొట్టకండి. మీ సంగతి నాకు తెలియనిది కాదు, ముగ్గురు కలిసి కొడితే కమిటీ వేసేస్తారు.