మాయమైన పైఅంతస్తు

“నేరం నిద్రపోవచ్చు. నేను నిద్రపోను!” అని ప్రకటిస్తూ మా బావ కుర్చీలోంచి లేచాడు. అప్పటిదాకా ఆ కుర్చీలో ఆయన చేస్తున్న పని గురక పెట్టడమే.

ఆయన్ను లేపింది అక్క కేక. అక్క భవనాల నమూనాలు గీస్తుంది. ఆ సాయంత్రం అప్పగించవలసిన గ్రంథాలయం నమూనాలు ఆమె కళ్లెదుటే కంప్యూటరులోంచి ఒక్కొక్కటిగా చెరిగిపోతున్నాయి. మౌస్‌ను ఎవరూ ముట్టుకోకుండానే తెరమీద బాణం గుర్తు స్వేచ్ఛగా విహరిస్తోంది.

“అంతర్జాతీయ కుట్ర! సూత్రధారి పక్కింటి వేణువు మాస్టారు,” అన్నాడు బావ.

“పాపం, ఆయనేం చేశాడు బావా?”

“ఎప్పుడు చూసినా గాల్లో వేళ్లు ఆడిస్తుంటాడు. ఇక్కడ బాణం దానంతటదే ఆడుతోంది. రెండూ కలిపి చూడరా!”

“ఏమండీ, ముందు కంప్యూటర్ ఆపేస్తాను,” అంది అక్క ఏడుపు గొంతుతో.

“ముట్టుకోకు! నేరస్థుడు జాగ్రత్తపడతాడు.”

ఈ చర్చ ముగిసేలోగా పైఅంతస్తు కూడా మాయమయింది. బావ భూతద్దం పట్టుకొని పాదముద్రల కోసం బల్ల కిందికి దూరాడు. అక్కడ తల బల్లకు కొట్టుకుంది. ఉలిక్కిపడి వెనక్కి జరిగితే కాలికి ఇంటర్నెట్ తీగ చుట్టుకొని, ఊడి వచ్చేసింది. బాణం గుర్తు ఠక్కున ఆగిపోయింది.

“లొంగిపోయాడు!” అని బల్ల కిందనుంచి విజయనాదం వినిపించింది.

అదే క్షణంలో తెరమీద ఒక ప్రకటన వెలిసింది: ‘ఇంటర్నెట్ లేనందున ఆట నిలిచిపోయింది. ఆటగాడు: డేగకన్ను.’

డేగకన్ను అనేది అపరాధ పరిశోధకుడిగా బావ తనకు తాను ప్రదానం చేసుకున్న బిరుదు.

“ఏం ఆటండీ ఇది?” అక్క గొంతు మారింది.

“పరిశోధనలో సాధన కోసం... నేరస్థుల్ని పట్టే గేము.”

“కొన్నారా?”

“కొనడమెందుకు? ఎవడో పుణ్యాత్ముడు పైరసీ కాపీ ఉచితంగా పెట్టాడు.”

“యాంటీవైరస్ ఊరుకుందా బావా?” అన్నాను.

“గేముకు అడ్డొస్తుంది, ఆపేయమని అందులోనే రాశారు. ఆపేశాను.”

“అంటే కాపలావాణ్ణి పంపించేసి, ఆ కాపీలో దాక్కొని వచ్చిన దొంగకు మీరే తలుపు తీశారన్నమాట!” అంది అక్క.

బావ బల్ల కిందనుంచి బయటికి వచ్చాడు. “చూశావా? లోపలి మనిషి సాయం లేనిదే ఇంత పెద్ద నేరం జరగదు. తేల్చేశాను.”

అక్క గడువు మర్నాటికి మార్చమని ఫోనులో బతిమాలి, మిగిలిన కింది అంతస్తు నమూనాను కాగితంమీద అచ్చుతీసి, పైఅంతస్తును మొదటినుంచీ గీయడానికి కూర్చుంది. బావకు స్కేలు పట్టుకొని నోరు మూసుకోవలసిన ఉద్యోగం దొరికింది.

కాసేపటికి ఆయన భూతద్దంతో ఆ కాగితంమీదికి వంగి, నా చెవిలో గుసగుసలాడాడు.

“ఒరేయ్, మెట్లు పైకి వెళ్తున్నాయి. పైన అంతస్తే లేదు. ఇందులో ఏదో కుట్ర ఉంది!”