ఎండు ద్రాక్ష తగిలిందా?

ఎస్‌ప్రెస్సో కాఫీ యంత్రం ఎంపిక కోసం ఏర్పాటైన ఉన్నతస్థాయి సంఘం తొలి సమావేశం ఆదివారం ఉదయం మంచం మీద జరిగింది. సంఘంలో సభ్యులు ఇద్దరే. కొత్తగా పెళ్ళయిన ఆమె, అంతే కొత్తగా పెళ్ళయిన అతను. ఇంట్లో ఉన్న ఒకే ఒక మంచి దిండు తన వీపు వెనక ఉండడం చేత ఆమె ఏకగ్రీవంగా అధ్యక్షురాలైంది. మామూలుగా "నువ్వు" అనుకునే దంపతులు సమావేశం నడిచినంతసేపూ "మీరు" అనుకోవాలని తీర్మానించారు. అంతవరకూ ఆ మర్యాద అత్తగారు ఇంటికి వచ్చినప్పుడు మాత్రమే అమల్లో ఉండేది.

"అధ్యక్షా, మీరు నా కాలి మీద కూర్చున్నారు," అని సభ్యుడు మనవి చేసుకున్నాడు.

"అది ఇతర విషయాల కింద వస్తుంది. ముందు యంత్రం సంగతి చూడండి," అంది అధ్యక్షురాలు, కదలకుండా.

అప్పటిదాకా ఆ ఇంట్లో కాఫీ లేదనుకునేరు. ఉండేది. రోజూ పొద్దున్నే అతనే పెట్టేవాడు. పాలగిన్నె స్టవ్వు మీద పెట్టి, కాగేలోగా ఆమెకు ఒక్క మాట చెప్పి వెళ్దామని పడకగదిలోకి వచ్చేవాడు. వచ్చినవాడు వచ్చినట్టే ఉండిపోయేవాడు. పాలు పొంగిన వాసన ముక్కుకు తగిలాక "అయ్యో!" అంటూ పరుగెత్తి, స్టవ్వు తుడిచి, మిగిలిన పాలతో కాఫీ కలిపి, ఒకదానికొకటి చుట్టరికం లేని రెండు కప్పుల్లో పోసి తెచ్చేవాడు. ఆ కాఫీలో కాస్త మాడు వాసన, కాస్త తుడుపుగుడ్డ వాసన ఉండేవి. ఆమె దాన్ని చివరి చుక్క దాకా తాగి, అడుగున మిగిలిన చక్కెరను వేలితో తీసుకుని నాకేది. పాలు పొంగాయని అతను చెప్పేవాడు కాదు, తెలుసని ఆమె అనేది కాదు. కాపురమంటే ఇదే కాబోలని మురిసిపోయేది. చదువుకున్న అమ్మాయి ఇంత తక్కువకే మురిసిపోతూ ఉంటే సమాజం ఎట్లా ముందుకు పోతుంది? అందుకని త్వరలోనే దిద్దుబాటు జరిగింది.

ఆమె ఆఫీసులో పక్క సీటావిడ కొత్త జంటను కాఫీకి పిలిచింది. పిల్లలు బొమ్మలాటకు వాడుకునేంత కప్పుల్లో, అడుగు తడిసేటంత నల్లటి ద్రవం పోసి ఇచ్చింది. ఇద్దరూ తాగేదాకా ఆగి, "ఏం తగిలింది నాలిక్కి?" అంది.

"కాఫీ," అంది ఈమె, ఉన్నమాట.

ఆవిడ తన భర్త వైపు చూసింది. ఆయన నేల వైపు చూశాడు. తరవాత ఆవిడ ఈమెను, సంతలో తప్పిపోయిన పిల్లను చూసినట్టు జాలిగా చూసి, "పోనీలే అమ్మా, అలవాటవుతుంది," అంది. "ముందు ఎండు ద్రాక్ష తగలాలి. చివర్లో నారింజ తొక్క." ఈమె కప్పులోకి తొంగి చూసింది. అందులో రెండూ లేవు.

ఆ జాలిచూపు బస్సెక్కాక కూడా వీపుకు అంటుకునే ఉంది. "మనింట్లోనూ ఎండు ద్రాక్ష తగలాలి," అంది ఆమె.

"దానికేం, దిగగానే ఒక పొట్లం కొందాం," అన్నాడు అతను.

ఇలాంటి మనిషితో పరువుగా బతకాలంటే యంత్రం తప్పదని ఆ బస్సులోనే తేలిపోయింది.

సభ్యుల అర్హతల గురించి కూడా రెండు ముక్కలు చెప్పాలి. ఆమె బీమా కంపెనీలో క్లెయిములు పరిశీలిస్తుంది. ఎదుటివాళ్ళు చెప్పే ఏ మాటనూ నమ్మనందుకు ఆమెకు జీతం ఇస్తారు. ఆ అలసట తీరడానికి ఇంటికొచ్చాక ప్రకటనల్లోని ప్రతి మాటా నమ్ముతుంది. అతను లిఫ్టుల ఇన్‌స్పెక్టరు. దేన్ని చూసినా ఇది తెగితే ఏమిటి, పేలితే ఏమిటి అని ఆలోచించడం అతని వృత్తిధర్మం. ఒకరికి అన్నిటి మీదా నమ్మకం, ఒకరికి అన్నిటి మీదా భయం. రాజ్యాలు నడిపే సంఘాలు కూడా ఇంత పకడ్బందీగా ఉండవు.

సంఘం ముందుగా ఫోనులో నిపుణుల వీడియోలు చూసింది. యంత్రం కన్నా గింజలు మరపట్టే పరికరం ముఖ్యమని గడ్డం నెరిసిన నిపుణుడు చెప్పాడు. దానికన్నా నీళ్ళు ముఖ్యమని చేతుల నిండా పచ్చబొట్లున్న నిపుణుడు చెప్పాడు. నీళ్ళు ఎలాంటివైనా కప్పు మంచిది కాకపోతే అంతా బూడిదలో పోసిన పన్నీరేనని కప్పులమ్మే నిపుణురాలు కన్నీళ్ళు పెట్టుకుంది. మొత్తం మీద కాఫీలో కాఫీ పాత్ర స్వల్పమేనని సంఘం గ్రహించింది.

యంత్రం వచ్చేనాటికి నాలుక నిర్మలంగా ఉండాలని ఇంకో నిపుణుడు హెచ్చరించడంతో ఆ ఇంట్లో కాఫీ నిలిపివేశారు. కాఫీ యంత్రం కొనడం కోసం కాఫీ మానేసిన ఈ ముందుచూపును ఎంత పొగిడినా తక్కువే. పొద్దున్నే ఇద్దరూ గోరువెచ్చని నీళ్ళు తాగి, తలనొప్పితో ఆఫీసులకు పోయేవారు. స్టవ్వు మీద పాలు లేవు గనక పొంగేవి కావు. పొంగేవి కావు గనక అతను "అయ్యో" అని పరుగెత్తేవాడు కాదు. పాల వాసన మాత్రం అప్పుడప్పుడు కింది ఫ్లాటులోంచి వచ్చేది. అక్కడ కూడా ఒక కొత్త జంట దిగింది.

కాపురంలో మొదటి పోట్లాట బాయిలరు దగ్గర వచ్చింది.

"నీళ్ళకొకటి, ఆవిరికొకటి, రెండు బాయిలర్లున్నదే తీసుకుందాం," అంది ఆమె.

"రెండెందుకూ? ఉన్నది ఇద్దరమేగా."

"అంటే ఎప్పటికీ ఇద్దరమేనా?"

"నేను బాయిలరు గురించి అంటున్నా."

"నేను మాత్రం దేని గురించి అంటున్నాను?"

ఆ పూట సమావేశం లేకపోయినా "మీరు" అమల్లోనే ఉంది.

రాజీ కుదిరాక దుకాణానికి వెళ్ళారు. కోటు వేసుకున్న సేల్స్‌మన్ యంత్రం మీద చెయ్యి వేసి, "మేడమ్, దీన్ని మేము అమ్మం. సరైన ఇంటికి అప్పగిస్తాం. రేపటి ఉదయం నుంచి మీరు కాఫీ తాగరు, కాఫీతో సంభాషిస్తారు!" అన్నాడు. ఆమె కళ్ళు చెమర్చాయి.

"దీని సేఫ్టీ వాల్వు ఎక్కడుందండీ?" అన్నాడు అతను.

"ఈ స్థాయి కస్టమర్లు ఆ ప్రశ్న అడగరు సార్."

ఆమె భర్త మోచేతి మీద గట్టిగా గిల్లింది. ఆ స్థాయి చేజారిపోకముందే రెండు బాయిలర్ల యంత్రం కొనేశారు.

ఇంటికి తెచ్చాక ఒక చిన్న విషయం బయటపడింది. యంత్రం వంటగది గట్టు మీద పట్టదు, పైనున్న అల్మరా అడ్డం. ఊరందరి లిఫ్టుల కొలతలూ తప్పుపట్టే మనిషి తన వంటగది గట్టు కొలవలేదు. పైగా ఆ యంత్రం లాగే కరెంటుకు వంటగది ప్లగ్గు చాలదు. ఇంట్లో అంత ప్లగ్గు పడకగదిలో ఏసీకి మాత్రమే ఉంది. అందువల్ల ఏసీ పదవీ విరమణ చేసింది. అద్దం బల్ల మీది ఆమె గాజులూ దువ్వెనలూ అట్టపెట్టెలోకి మారాయి. యంత్రం పడకగదిలో, మంచానికి ఎదురుగా కొలువుతీరింది.

ఆనాటి నుంచి ఉదయం పూట గింజలు మరపట్టే చప్పుడుకు ఆమె దిగ్గున లేచేది. అతను అటు తిరిగి, ఊపిరి బిగబట్టి, పొడి తూచేవాడు. అప్పుడు పలకరిస్తే తూకం తప్పుతుంది. తరవాత బుల్లి కప్పు చేతికిచ్చి, ఫలితాల కోసం నిలబడ్డ విద్యార్థిలా ఎదురుగా నిలబడేవాడు. ఆ చేదుకు ఆమె చెవులు కూడా ముడుచుకునేవి. అయినా "ఎండు ద్రాక్ష," అనేది. "నారింజ తొక్క కూడా," అనేవాడు అతను, తన కప్పు దించి. రోజంతా ఊరివాళ్ళ తప్పుడు క్లెయిములు పట్టుకునే మనిషి, పొద్దున్నే మంచం మీద కూర్చుని తానే ఒకటి దాఖలు చేసేది.

చుట్టాలూ స్నేహితులూ యంత్ర సందర్శనానికి రాసాగారు. కొత్త దంపతుల గది గడప తొక్కకూడదన్న మొహమాటం అంతవరకూ లోకానికి ఉండేది, యంత్రం దాన్ని తుడిచిపెట్టింది. మంచం మీద వరసగా కూర్చుని, దుప్పటి మీద రెండు చుక్కలొలికించి, "ఆహా, ఎండు ద్రాక్ష!" అని మెచ్చుకుని వెళ్ళేవారు. కొందరు చెప్పకముందే మెచ్చుకునేవారు.

చివరికి అత్తగారు వచ్చారు. కొడుకు కప్పు చేతికిస్తే, "మందా?" అన్నారు. ఒక్క గుక్కలో మింగి, కళ్ళు మూసుకుని, మంచినీళ్ళు తాగారు. "బాగుంది నాన్నా, ఒంటికి మంచిదే అయ్యుంటుంది. ఇంతకీ కాఫీ ఎప్పుడిస్తావు?"

అమ్మ అడిగితే కాదనలేక అతను వంటగదిలోకి వెళ్ళి పాలగిన్నె స్టవ్వు మీద పెట్టాడు. అలవాటు కొద్దీ ఒక్క మాట చెప్పి వద్దామని పడకగదిలోకి వచ్చాడు. చాలాకాలం తరవాత ఆ ఇంట్లో పాలు పొంగాయి. "అయ్యో!" అని అతను పరుగెత్తాడు. అతని వెనకే ఆమె పరుగెత్తింది. అత్తగారికి ఒక కప్పు అందించి, మిగిలినది వంటగదిలోనే నిలబడి ఇద్దరూ తాగారు. ఆమె అడుగున చక్కెర కోసం వేలు పెట్టింది.

"ఒకటి చెప్తాను, కోప్పడకు," అంది. "ఆ యంత్రం కాఫీ నాకు చేదు."

"నాకూ విషమే."

"మరి రోజూ నారింజ తొక్క అంటావు?"

"నువ్వు ద్రాక్ష అంటున్నావుగా! ఊరుకుంటే నాకేమీ తెలీదనుకుంటావని."

నవ్వలేక ఇద్దరూ గట్టు పట్టుకున్నారు.

"అయితే అమ్మేద్దామా?" అన్నాడు అతను.

"అమ్మో, పక్క సీటావిడ ఏమంటుంది?" అంది ఆమె, తేరుకుని.

కాబట్టి యంత్రాన్ని అతిథులకు కేటాయించి, దంపతులు స్టవ్వుకు తిరిగి వచ్చారు.

కథ ఇక్కడ ఆగితే అందరికీ క్షేమంగా ఉండేది. కానీ మరుసటి ఆదివారం కింది ఫ్లాటు కొత్త జంట యంత్రం చూడ్డానికి వచ్చింది. ఆ అమ్మాయి చేతివేళ్ళకు పాలమరక ఉంది, మొహం నిండా నవ్వుంది. కప్పు తాగి, మంచం అంచున ముడుచుకుని కూర్చుంది.

"ఏం తగిలింది నాలిక్కి?" అంది ఆమె.

"కాఫీ అక్కా," అంది ఆ అమ్మాయి.

అవునమ్మా, కాఫీయే, అదీ చేదు కాఫీ అనడానికి ఆమె నిజంగానే నోరు తెరిచింది. కానీ నోటికన్నా ముందు కళ్ళు పని పూర్తి చేశాయి. ఆమె తన భర్త వైపు చూసింది. అతను నేల వైపు చూశాడు.

"పోనీలే అమ్మా, అలవాటవుతుంది," అంటున్న గొంతు తనదేనని ఆమెకు కాసేపటికి గానీ తెలియలేదు.

ఆ వారం నుంచి కింది ఫ్లాటులోంచి పాలు పొంగిన వాసన రావడం మానేసింది. మెట్ల మీద మాత్రం బాయిలర్లు ఒకటా రెండా అన్న వాదన వినబడుతోంది.

పాఠకులు కూడా ఆ ఇంటికి తప్పక వెళ్ళవచ్చు, దంపతులు మర్యాదస్తులు. నేరుగా పడకగదిలోకే తీసుకెళ్తారు. కప్పు ఖాళీ అయ్యాక ఒక ప్రశ్న అడుగుతారు. జవాబు మీకు తెలుసు. ఇదివరకు ఎక్కడో ఒకచోట చెప్పే ఉంటారు.