బీరన్న నాలుగు క్షణాల పొలం

ప్రజలు పడేది కష్టం, సర్కారు కళ్లారా చూసేది వాస్తవం. రెండూ ఒకటేనని ఎవరైనా అనుకుంటే అది వాళ్ల అమాయకత్వం. నందికొండ దగ్గర ఆనకట్ట లేస్తున్న ఆ రోజుల్లో టెలివిజన్ ఇంకా మన దిక్కు రాలేదు. కనుక సామాన్యుడు ప్రముఖుడయ్యే ప్రమాదం సినిమా హాల్లోనే, అసలు బొమ్మకు ముందు వేసే సర్కారు వార్తాచిత్రంలోనే పొంచి ఉండేది.

గొర్రెల బీరన్నకు ఆ ప్రమాదం జరిగింది. అతని ఊరు నీళ్లలో మునగబోతోంది. మునిగేవాళ్లకు బదులుగా వేరేచోట ఇంటికి అయిదెకరాల భూమి ఇస్తారు (ఫారాలు మాత్రం అప్పటికే ఇచ్చేశారు). ఆ అయిదెకరాల మీదే ఇంటిల్లిపాది ఆశ. అంతలో ముంపు ఊళ్లకు కెమెరా వాళ్లు వచ్చారు. ఫోటో అంటే పెళ్లి ముస్తాబు కావాలని బీరన్నకు తెలుసు. చిరుగుల గొంగడి దాచేసి, బావమరిది తెల్ల ధోతి, పట్టు రుమాలు అరువు తెచ్చుకుని, పటేలు వరిమడి గట్టున నిలబడి మీసం దువ్వాడు. నాలుగు క్షణాలు.

తెర మీద ఆ నాలుగు క్షణాలకు ఎవరిదో గంభీరమైన గొంతు "కొత్త భూమిలో సుఖంగా స్థిరపడిన రైతు" అని వ్యాఖ్యానం చెప్పింది. కట్టంగూర్ డేరా టాకీసులో బీరన్న బెంచీ ఎక్కి "గాయిన నేనే!" అని అరిచాడు.

ఆ అరుపును ఎవరు మోసుకెళ్లారో గానీ, నెల తిరక్కుండా ముంపు గుర్తింపు శాఖ నుంచి తాఖీదు వచ్చింది. వార్తాచిత్రం ప్రకారం తమరు ఇదివరకే స్థిరపడ్డారు, కనుక మళ్లీ భూమి ఇవ్వబడదు. తెర మీది మనిషి తమరు కాకపోతే, తెర ముందుకే వచ్చి ఆ మాట చెప్పవలెను (నియమం పదిహేడు).

"కాదు అను. ఒక్కటే మాట. నీకు దండం పెడుత," అంది భార్య గోపమ్మ.

"గదెంత పని? నేనేమన్న పిచ్చోన్నా?"

ఆఫీసు గోడకు తెల్లబట్ట కట్టి బొమ్మ వేశారు. నులక మంచమంత మొహంతో బీరన్న మీసం దువ్వాడు. విచారణాధికారి నిజానికి దయగలవాడు.

"ఇతను నువ్వు కాదుగా? కాదనే రాసేస్తాను. ఎవడో అద్దె వేషగాడిలా ఉన్నాడు."

బీరన్నకు చివుక్కుమంది. "వేషగాడేంది సారూ? గట్ల రుమాలు సుట్టేటోడు మా తాలూకల ఇంకోడున్నడా? అది నేనే!"

అధికారి నిట్టూర్చి రాశాడు: దరఖాస్తుదారు నిజాయితీ ప్రశంసనీయం. దరఖాస్తు తిరస్కరించడమైనది.

"నా అంత తెలివిగల్లోడు తెర మీదనే ఉండాలె, నేల మీద పనికిరాడు," అని దారిలో బీరన్న తనను తానే ఎక్కిరించుకుని నవ్వాడు. నవ్వు సగంలో ఉండగానే ఏడుపొచ్చింది.

నీళ్లు వాకిట్లోకి వచ్చిన రోజు గోపమ్మ మూట నెత్తికెత్తుకుంది.

"నడువు. గా బొమ్మల నీకు పొలమిచ్చిన ఊరు యాడుందో, జర తొవ్వ చూపెట్టు."