ఉత్ప్రేరకం చర్యలో పాల్గొనదు

పూర్తిగా తెలుసుకోవడం ఆరోగ్యానికి హానికరం. సిగరెట్ పెట్టె మీద అచ్చు వేసినట్టు ఈ హెచ్చరికను ప్రతి పుస్తకం అట్ట మీదా వేయించాలని నా చిరకాల కోరిక.

సగం తెలిసినవాడు కడుపునిండా తిని కంటినిండా నిద్రపోతాడు. పూర్తిగా తెలిసినవాడి గతి ఏమిటంటారా? దానికి చిక్కడపల్లి విఠల్ సార్ ఉన్నాడు. ఆయన సంగతి చెబుతాను. అంతకంటే ముందు ఒక మాట గురించి నాలుగు ముక్కలు వినండి.

ఆ మాట ఉత్ప్రేరకం. ఇంగ్లిష్‌లో కెటలిస్ట్ అంటారు. పొటాషియం క్లోరేట్‌ను ఒక్కదాన్నే వేడిచేస్తే ఆక్సిజన్ సర్కారు ఫైలులా కదిలీ కదలకుండా వస్తుంది. అందులో చిటికెడు మాంగనీస్ డయాక్సైడ్ కలిపితే ఉరుకులు పరుగులు పెడుతూ వస్తుంది. చివర్లో ఆ నల్లపొడిని కడిగి, ఆరబెట్టి, తూచి చూడండి. ఎంత వేశామో అంతా ఉంటుంది. చర్యను తొందరపెట్టి, తాను మాత్రం మిగిలిపోయే ఇలాంటి పదార్థాన్నే ఉత్ప్రేరకం అంటారని మనమంతా బడిలో బట్టీ పట్టాం.

ఎంత దివ్యమైన బతుకు! పని జరిగింది, ఒంటికి చెమట పట్టలేదు. ఇంత సుఖాన్ని రసాయనాలకే ఎందుకు వదిలేయాలి?

అందుకే జనం ఆ మాటను ల్యాబ్‌లోంచి ఎత్తుకొచ్చేశారు. మా అపార్ట్‌మెంట్ సెక్రటరీ లిఫ్ట్ బాగుపడిన రోజు "నాదేముందండీ, నేను జస్ట్ కెటలిస్ట్‌ని" అన్నాడు. మర్నాడు అదే లిఫ్ట్ రెండో అంతస్తుకీ మూడో అంతస్తుకీ మధ్య ఆగినప్పుడూ అదే మాట అన్నాడు. పెళ్లి సంబంధాల వాట్సాప్ గ్రూప్ నడిపే ఒక పెద్దావిడ, కాపురం నిలబడితే ఆ కాపురానికి ఉత్ప్రేరకం. నిలబడకపోతే ఆవిడ ఆ గ్రూప్‌లోనే లేదు. నేనెరిగిన ఒక ఆఫీసులో ఒకాయన్ను 'చేంజ్ కెటలిస్ట్' అనే ఉద్యోగంలో పెట్టుకున్నారు. మూడు నెలల్లో ఆఫీసంతా మారిపోయింది. ఆయన కుర్చీ ఒక్కటే మారలేదు.

ఇంతమందికి ఇంత సుఖాన్నిచ్చిన వాక్యం ఒకటుంది. "ఉత్ప్రేరకం: చర్యలో పాల్గొనదు." లెక్కకు మూడంటే మూడు మాటలు! ఆ వాక్యం అచ్చయింది విఠల్ సార్ పుస్తకంలో.

విఠల్ సార్ పుట్టిపెరిగింది చిక్కడపల్లిలో. అశోక్‌నగర్‌లోని ఒక కోచింగ్ సెంటర్‌లో పంతొమ్మిదేళ్లుగా ఉద్యోగ పరీక్షలకు జనరల్ సైన్స్ చెబుతున్నాడు. మూడు ఫ్యాన్ల హాల్లో రెండు వందల మంది, వెనక బెంచీ దాకా వినపడే గొంతు. గేటు మీద ఫ్లెక్సీలో ఆయన ఫొటో, కింద "సైన్స్ అంటే విఠల్ సార్" అని బారెడు అక్షరాలు. పదకొండేళ్ల కిందట ఆయన ఒక బిట్ బ్యాంక్ రాశాడు. ప్రశ్న ఒక ముక్క, జవాబు అరముక్క ఉండే పుస్తకాన్ని బిట్ బ్యాంక్ అంటారు. అట్ట నీలం రంగుది కనుక అందరికీ అది 'నీలం బుక్కు'.

ఆయన చేత్తో రాసి ఇచ్చిన కాగితంలో వాక్యం ఇలా ఉండేది: "ఉత్ప్రేరకం చర్యలో పాల్గొంటుంది, చివరకు మళ్లీ తన రూపంలో తాను బయటికొస్తుంది." రసాయనశాస్త్రం ప్రకారం అక్షరాలా నిజం. కానీ నిజానికి ఒక చెడ్డ గుణముంది. అది ఒక లైనులో పట్టదు.

నారాయణగూడలో ఆ పుస్తకం వేసిన ప్రెస్సుకు వెంకటరామయ్యగారని ఒక ఎడిటర్ ఉన్నారు. చాలా మర్యాదస్తులు. ఇస్త్రీ చొక్కా నలగనివ్వరు, గొంతు పెంచరు, ఎవరి జోలికీ పోరు. లైను దాటి రెండో లైనులోకి కారుతున్న ఆ వాక్యాన్ని చూసి ఎర్ర పెన్నుతో ఒక గీత గీశారు. అచ్చయ్యాక చూస్తే "ఉత్ప్రేరకం: చర్యలో పాల్గొనదు" అని ఉంది. పక్కన, ముఖ్యమైన బిట్టని చెప్పే నక్షత్రం గుర్తుకు చోటు కూడా మిగిలింది.

విఠల్ సార్ చూసుకొని లబోదిబోమన్నాడు. వచ్చే ముద్రణలో దిద్దుదాం అన్నారు ఎడిటర్‌గారు. తొమ్మిది ముద్రణలయ్యాయి. ఈలోగా నీలం బుక్కులోని వాక్యం పచ్చ బుక్కులోకి, పచ్చ బుక్కులోంచి ఎర్ర బుక్కులోకి మక్కికి మక్కి ఎక్కింది. ఇప్పుడు మార్కెట్లో పద్నాలుగు గైడ్లు ముక్తకంఠంతో ఆ మాటే చెబుతున్నాయి. అబద్ధానికి ఇంతటి ఐకమత్యం ఉంటే నిజం ఒక్కత్తే ఏం చేస్తుంది చెప్పండి?

విఠల్ సార్‌కు మాత్రం మనసు ఒప్పక, క్లాసులో ఒక పద్ధతి పెట్టుకున్నాడు. ముందు నిజం చెప్పేవాడు.

"నారాయణగూడ స్టాండ్ల షేర్ ఆటో అన్న ఉంటడు. నలుగురిని ఎక్కించుకొని అంబర్‌పేట్ల దించుతడు. మళ్ల ఖాళీగ స్టాండ్‌కే వస్తడు. పొద్దుగాల చూస్తే స్టాండ్లనే ఉన్నడు, మాపటికి చూస్తే స్టాండ్లనే ఉన్నడు. గట్లని ఆటో నడుపనే లేదంటమా?"

పిల్లలు నవ్వేవారు. అప్పుడాయన బోర్డు తుడిచేసి, "నిజం గిది. పరీక్షల మాత్రం పాల్గొనదనే పెట్టుండ్రి" అనేవాడు. పిల్లలు మొదటిది విని, రెండోది రాసుకునేవారు. ఎరుపు సిరాతో ఒకసారి, నీలం సిరాతో ఒకసారి కింద గీత కొట్టుకునేవారు. అశోక్‌నగర్‌లో నిజానికీ పరీక్షకూ వేర్వేరు జవాబులుండటం కొత్తేమీ కాదు. రెండూ ఒకే బుర్రలో సర్దుకొని కూర్చోవడాన్నే ప్రిపరేషన్ అంటారు.

ఆ సర్దుబాటు చేతకాని పిల్ల ఒక్కతి వచ్చింది. పేరు సంధ్య. ఇరవై తొమ్మిదేళ్లు. అంబర్‌పేట్ నుంచి రోజూ అలాంటి షేర్ ఆటోలోనే వచ్చి, చిక్కడపల్లి లైబ్రరీ తలుపు తీయకముందే మెట్ల మీద ఉంటుంది. కిటికీ పక్క కుర్చీలో నీళ్ల సీసా పెట్టిందంటే అది సంధ్య సీటని అందరికీ తెలుసు. కిందటి నోటిఫికేషన్‌లో ఆమె ఉద్యోగం ఒక్క మార్కుతో పోయింది. ఈసారి పోతే ఇక చదువు చాలించాలని ఇంట్లో మాట తీసుకున్నారు.

ఈసారి పరీక్షలో ఉత్ప్రేరకం మీద ప్రశ్న వచ్చింది. సంధ్య "పాల్గొంటుంది, తిరిగి బయటికొస్తుంది" అనే జవాబు పెట్టింది. రోజూ ఆటోలో వచ్చే మనిషికి ఆటో కదల్లేదని రాయడానికి చెయ్యి రాలేదు.

పరీక్ష తర్వాత కొన్నాళ్లకు ప్రాథమిక కీ వస్తుంది. ఏ ప్రశ్నకు ఏది సరైన జవాబో పరీక్ష పెట్టినవాళ్లే చెప్పే పట్టిక అది. తప్పనిపిస్తే మూడు రోజుల్లో ఆధారాలతో అభ్యంతరం పెట్టుకోవచ్చు. కీ వచ్చిన పూట అశోక్‌నగర్ చాయ్ బండ్ల దగ్గర ఎవరి చాయ్ ఎవరు తాగుతున్నారో వాళ్లకే తెలియదు. కీలో "పాల్గొనదు" అనేదే సరైన జవాబు అని ఉంది. విఠల్ సార్ శిష్యులు రెండు వేల మంది ఒకేసారి ఈల వేశారు. సంధ్య చాయ్ అక్కడే పెట్టేసి, సార్ దగ్గరికి నడిచింది.

"సార్, మీరు చెప్పిందే పెట్టిన."

"పరీక్షల గట్ల పెట్టొద్దన్న గద బిడ్డా."

"అదీ యాదికుండె సార్. కని చెయ్యి రాలే." సంచిలోంచి ఇంటర్ పుస్తకం తీసింది. "ఇంటర్ పుస్తకంల పేజీ జతచేసి అభ్యంతరం పెడుతున్న. అవుతలోళ్లు పద్నాలుగు గైడ్లు పెడుతున్నరు. అన్నిటికి మూలం మీ బుక్కే. అది తప్పని మీరొక్కరు రాసిస్తే సాలు."

పాఠకులారా, ఇక్కడ మీరే న్యాయం చెప్పండి. సంతకం పెడితే ఒక్క సంధ్యకు మార్కొస్తుంది, రెండు వేల మందికి పోతుంది. ఆ రెండు వేల మంది మాత్రం చేసిన తప్పేమిటి? ఆయన పెట్టమన్నదే పెట్టారు. వాళ్లూ ఆయన పిల్లలే. ఆ ఆలోచన ఆయన సంతకానికి అడ్డంపడింది.

కోచింగ్ సెంటర్ యజమాని రాజశేఖర్‌కు మాత్రం ఏ అడ్డూ లేదు. "మాస్టారూ, మన బుక్కే తప్పని మనమే రాసిస్తే రేపు ఎవరు చేరతారండీ? ఫ్లెక్సీ మీద ఉన్నది మీ ఫొటోనే కదా. మీరు ఇందులో ఇన్వాల్వ్ అవ్వకండి. నేను చూసుకుంటాను" అన్నాడు. చూశారా, ఎంత చక్కని సలహా! ఆయన నీలం బుక్కును ఔపోసన పట్టాడని వేరే చెప్పాలా?

మన సార్‌కు అది తలకెక్కలేదు. నారాయణగూడ ప్రెస్సుకు వెళ్లి వెంకటరామయ్యగారి ముందు కూర్చున్నాడు. అప్పట్లో తాను రాసిచ్చిన కాగితం దొరికితే, తాను సరిగ్గానే రాశానని, మధ్యలో తప్పు దొర్లిందని రుజువు చేయొచ్చని ఆయన ఆశ. ఎడిటర్‌గారు చాయ్ తెప్పించారు. జేబులో తాళంచెవులు సన్నగా చప్పుడవుతుండగా, "అయ్యో, పదకొండేళ్ల మాట కదండీ విఠల్‌గారూ. చిత్తుకాగితాల్లో ఎప్పుడో పోయి ఉంటుంది. అయినా నేను లైను కుదించానంతే. విషయంలో నేనెప్పుడూ వేలు పెట్టను" అన్నారు.

సార్ చాయ్ సగంలో వదిలేసి చిక్కడపల్లి దాకా నడిచాడు. లైబ్రరీ మెట్ల మీద కూర్చొని, మోకాలి మీద కాగితం పెట్టుకొని రాశాడు. "నా పుస్తకం నలభై మూడో పేజీలోని వాక్యం తప్పు. అది తప్పని నాకు పదకొండేళ్లుగా తెలుసు." ఆ రెండో వాక్యం ఎవరూ అడగలేదు. అది రాశాకే ఆయనకు ఊపిరాడింది.

మర్నాడు క్లాసులో కూడా అదే చెప్పాడు. మూడో వరుసలో ఒకడు లేచి, "మరి మా మార్కు సార్?" అన్నాడు. ఒకరి తర్వాత ఒకరు సగం హాలు ఖాళీ అయింది. చేతిలో చాక్‌పీస్ అలాగే పట్టుకొని మిగిలిన సగానికి ఆయన పాఠం పూర్తి చేశాడు.

ఇక నిపుణుల కమిటీ కూర్చుంది. ఒక పక్క ఇంటర్ పుస్తకం, మరో పక్క పద్నాలుగు గైడ్లు, మధ్యలో విఠల్ సార్ రాసిచ్చిన ఉత్తరం. "రచయిత తన మూలప్రతిని జతచేయనందునను, ఇరుపక్షాలకూ ఆధారాలు ఉన్నందునను, ప్రశ్నను తొలగించి అందరికీ ఒక మార్కు కలపడమైనది."

పాము చావలేదు, కర్ర విరగలేదు! ఆటో నడిచిందన్నవాడికి ఒక మార్కు, నడవలేదన్నవాడికి ఒక మార్కు, ఆటో అంటే ఏమిటో తెలియక ఖాళీగా వదిలేసినవాడికీ ఒక మార్కు. నిజమేమిటో తేల్చే చర్యలో కమిటీ అసలు పాల్గొనలేదు. ఇంతకంటే శాస్త్రీయమైన తీర్పు ఎక్కడైనా ఉందా?

"అందరికి కలిపిన మార్కు ఎవ్వరికి కలపనట్టే" అందట సంధ్య. పూర్తిగా తెలిసినవాళ్ల నోట ఇలాంటి చేదు మాటలే వస్తాయి. ఆఖరి జాబితాలో ఆమె పేరు లేదు. ఈసారీ ఒక్క మార్కే.

అశోక్‌నగర్ గేటు మీద ఇప్పుడు కొత్త ఫ్లెక్సీ ఉంది. "విజేతల వెనుక ఉత్ప్రేరకం" అని రాసి రాజశేఖర్ ఫొటో వేశారు. విఠల్ సార్ ఫొటో లేదు, ఆయన క్లాసూ లేదు. పొద్దున్నే లైబ్రరీ ఆవరణలో పదకొండు మందికి ఊరికే పాఠం చెబుతున్నాడు. పూర్తి వాక్యాలే చెబుతాడు కనుక సిలబస్ నత్తనడక నడుస్తోంది. ముందు కూర్చునేది సంధ్యే. ఇంకొక్క నోటిఫికేషన్‌కు ఇంట్లో ఎలా ఒప్పించిందో ఆమెకే తెలియాలి.

మొన్నొక రోజు ఆమె అడిగిందట. "సార్, ఆటో మళ్ల స్టాండ్‌కొస్తది, నిజమే. మరి టైర్లు అరగయా?"

"అరుగుతయ్ బిడ్డా. ఉత్ప్రేరకం గూడ వాడంగ వాడంగ బలం తగ్గుతది, ఒకనాడు మార్చాల్సొస్తది. గది ఏ బిట్ల రాయరు" అన్నాడట ఆయన.

ఇదీ కథ. పూర్తిగా తెలుసుకుంటే ఉద్యోగం పోతుంది, ఫ్లెక్సీ పోతుంది, చెప్పుల అడుగులు అరిగిపోతాయి. కాబట్టి ఒక లైనులో పట్టేదే తెలుసుకోండి, అదే క్షేమం. ప్రెస్సులో విఠల్ సార్ సగం చాయ్ వదిలేశాడని నాకెలా తెలుసంటారా? ఆ కప్పు తీయించింది నేనే. ఇస్త్రీ చొక్కా వెంకటరామయ్యను నేనే.

ఆ కాగితం చిత్తుకాగితాల్లో పోలేదు. నా బల్ల కింది సొరుగులో భద్రంగా ఉంది, నా ఎర్ర గీతతో సహా. ఆ గీత నాదని బయటపడితే ముప్పై ఏళ్ల పేరు ఏమవుతుందోనని భయం వేసింది. అందుకని ఆయన నా ఎదురుగా కూర్చున్నంత సేపూ సొరుగు తెరవలేదు. అంతకుమించి నేనేమీ చేయలేదు. కావాలంటే ఎవరినైనా అడగండి, ఈ వ్యవహారంలో నేను పాల్గొనలేదు.